పుంగనూరి పాదిరులును పాశ్చాత్య భావమును

పాశ్చాత్యుల భావప్రపంచమును గూర్చి మన సభలలోను, మన వ్యాసములలోను నిత్యము రెండు మాటలు వినబడుచున్నవి. పడమటివారి నీతి, దయ, దీనులయెడ కనికరము, స్త్రీలయెడ గౌరవము, ఇవి యన్నియు క్రైస్తవమతము పెట్టిన భిక్షయే యని కొందఱందురు. అట్లుకాదు, వారి శాస్త్రము, వారి న్యాయము, వారి ప్రశ్నించు బుద్ధి గ్రీకులును రోమనులును ఇచ్చిన సొత్తనియు, మతము దానికి వేయేండ్లు అడ్డుపడిన దనియు మఱికొంద ఱందురు. ఈ రెండు వాదములును విద్వాంసుల వాదములుగా నుండి ఊరకున్న యెడల మే మీ వ్యాసము వ్రాయ బనిలేదు. కాని యివి మన యిండ్లలోనికి వచ్చి తీర్పులు చెప్పుచున్నవి. బాలికను చదివింపవలెనన్నను, వితంతువునకు వివాహము చేయవలెనన్నను, ఒక జాతివానిని పంక్తిని గూర్చుండబెట్టవలెనన్నను, "ఇది పడమటిది, కావున మనకు దగదు" అని యొకరును, "ఇది పడమటిది, కావున మేలైనది" అని యొకరును పలుకుదురు. ఇద్దఱును పడమర యనగా నేమో తమకు దెలియుననియే తలంచుచున్నారు. ఆ తలంపు సరియైనదా యని విచారించుటయే మా యుద్దేశము.

ఇందులకు మేము ఏథెన్సునకో రోమునకో పోనక్కఱలేదు. చిత్తూరు సీమలోని పుంగనూరు చాలును. కుఱుచయైన ఆవులకు పేరుమోసిన యీ యూరిపేరు, ఫ్రాన్సుదేశపు పుస్తకములలో మూడు వందల యేండ్లకు మునుపే యెక్కినది. 18వ శతాబ్ది యారంభమున, 1701 ప్రాంతమున, పుదుచ్చేరి నుండి వచ్చిన ఫ్రెంచి జెసూట్ పాదిరులు తూర్పు కనుమలను దాటి తెలుగునేలను అడుగుపెట్టి, తమ కర్ణాటక మిషనుకు పుంగనూరును ఒక మెట్టుగా జేసికొనిరి. బూషే, మోదుయి, లె గాక్ మొదలగువారు కాషాయము ధరించి, మాంసము మాని, సంస్కృతమును తెలుగును నేర్చి, తాము రోమాపురి నుండి వచ్చిన సన్యాసుల మని చెప్పికొనిరి. 1606లో మధురకు వచ్చిన రోబెర్తో దె నోబిలి వేసిన బాటయే యిది. వీరు స్వదేశమునకు వ్రాసిన యుత్తరములు, ఇతర దేశములలోని జెసూట్ల యుత్తరములతో గూడ 1702 మొదలు 1776 వఱకు పారిస్ నగరమున ముప్పదినాలుగు సంపుటములుగా వెలువడినవి. ఆ కాలపు ఫ్రెంచి విద్యావంతులు వీనిని మతగ్రంథములుగానే కాక, దేశవార్తలుగా, వినోదములుగా గూడ చదివిరి. వోల్టేరు, మాంటెస్క్యూ వంటివారి చేతులలో గూడ నీ సంపుటములు ఉండెను. కాబట్టి యీ యుత్తరములు పడమటి భావము మనలను జూచిన కిటికీ మాత్రమే కాదు. మనము పడమటి భావమును జూడదగిన కిటికీ కూడ.

ఈ యుత్తరములలో మొదట మేము విమర్శింపదలచినది బూషేగారు పియేర్ దానియేల్ యుయే అను పండితునకు వ్రాసినది. ఈ యుయే, అవ్రాంష్ పీఠమునకు బిషప్పుగా నుండిన వాడు. లోకమునందలి దేవతలందఱును మోషే కథకు వక్రీభవించిన ఛాయలే యని 1679లో నొక మహాగ్రంథము వ్రాసినవాడు. అట్టివానికి బూషేగారు మనదేశమునుండి సాక్ష్యములు సమకూర్చి పంపెను. బ్రహ్మ యనగా అబ్రాహామే యట. సరస్వతి యనగా అబ్రాహాము భార్యయగు శారాయే యట. హిందువులు తమ మతమును మోషే గ్రంథములనుండి తీసికొని పాడుచేసికొని రట. శబ్దములు చెవికి ఒకటిగా దోచినంతమాత్రమున వ్యక్తులు ఒక్కటి కారని బూషేగారికి తెలియదా? తెలియకపోలేదు. ఆయన యేండ్లతరబడి ఈ దేశమున నుండి, మన న్యాయపద్ధతులను గూర్చియు, ఆచారములను గూర్చియు చక్కని పరిశీలనతో వ్రాసినవాడు. కంటితో జూచినది వ్రాయునపు డాయన మంచి రచయిత. ముందుగా నిర్ణయించుకొన్న దానికి సాక్ష్యము వెదకునపు డాయన కన్ను మూతపడును. మన పండితులలో కొందఱు నేడు యేసు కృష్ణుడే యనియు, రోము రామశబ్దభవ మనియు వ్రాయుచుండుట చూడగా, బూషేగారి శిష్యులు పుంగనూరి సీమలో నింకను ఉన్నారని మాకు దోచును. పద్ధతి యదియే; జెండా మాత్రము మారినది.

అయితే బూషేగారి పొరపాటునకు మూల మొకటి కలదు. ఆయన తన మతము జెరూసలేము నుండి చేయి మారక సూటిగా తనకు వచ్చిన దని నమ్మెను. నిజముగా అది యట్లు వచ్చినదా? ఇచ్చట మనము పాత మధ్యధరా సముద్రతీరమునకు కొంచెము పోయిరావలయును.

యేసు మాటలాడినది అరమేయిక్ భాష. ఆయనను గూర్చిన సువార్తలు మనకు దక్కినది గ్రీకు భాషలో. ఈ యొక్క సంగతియే యెంతో చెప్పుచున్నది. క్రీస్తుకు రెండు మూడు శతాబ్దులు ముందే యూదుల వేదగ్రంథములు ఈజిప్టులోని అలెగ్జాండ్రియాలో గ్రీకులోనికి పరివర్తింపబడినవి. ఆ నగరముననే క్రీ.పూ. 20 ప్రాంతమున పుట్టిన ఫైలో అను యూదపండితుడు, మోషే ధర్మమును ప్లేటో తత్త్వముతో కలిపి చదివెను. గ్రీకులకు "లోగోస్" అను మాట యుండెను. మాట, లెక్క, హేతువు, విశ్వమును నడపు క్రమము, ఇన్నియు నా యొక్క పదమున గలవు. ఎఫెసు పట్టణపు హెరాక్లిటస్ దానిని వాడెను. స్తోయికు లనబడు తాత్త్వికులు దానిని లోకధర్మముగా జేసిరి. ఫైలో దానిని దేవునికిని సృష్టికిని నడుమ నిలిపెను. యోహాను సువార్త దానిని యేసునకే పేరుగా బెట్టెను. ఒక్క పదము ఇన్ని యిండ్లు మారి వచ్చి మతమునకు మూలస్తంభ మయ్యెను.

రెండవ శతాబ్దిలో పాలస్తీనాలో పుట్టిన జస్టిన్, తత్త్వవేత్తల వస్త్రము విడువకయే క్రైస్తవుడై, లోగోస్ ననుసరించి బ్రతికిన సోక్రటీసు వంటివారు గూడ క్రైస్తవులే యని వాదించెను. ఆఫ్రికాలోని కార్తేజివాడగు టెర్టులియన్ దీనిని సహింపక, ఏథెన్సుతో జెరూసలేమునకు పొత్తేమని గర్జించెను. చిత్ర మేమనగా, ఆ టెర్టులియనే లాటిన్ న్యాయశాస్త్రపు పదములతో త్రిత్వసిద్ధాంతమునకు భాష కల్పించెను. తలుపు మూసితిననుకొన్నవాడు కిటికీ తెఱచెను! 325లో నైసియా సభ కుమారుడు తండ్రితో "ఏకసత్త్వుడు" అని నిర్ణయించినపుడు వాడిన గ్రీకుపదము బైబిలులో లేదు. అది తత్త్వశాస్త్రపు బడినుండి వచ్చినది. అగస్టీను ఆఫ్రికాలోని తగాస్తేలో 354లో పుట్టినవాడు. ప్లోటినస్ మతానుయాయుల గ్రంథములు చదివి, వాని మెట్లమీదుగా క్రైస్తవమునకు వచ్చితి నని తానే చెప్పినవాడు. ఆ ప్లోటినస్ ఈజిప్టువాడు; క్రైస్తవుడు కాడు.

చదువరు లొక్కమాఱు ఈ పేళ్ళను పటమునందు గుర్తించి చూతురుగాక. హెరాక్లిటస్ ఆసియా మైనరు, ఫైలో ఈజిప్టు, జస్టిన్ పాలస్తీనా, టెర్టులియన్ అగస్టీనులు ఉత్తరాఫ్రికా, స్తోయిక మతస్థాపకుడగు జీనో సైప్రసు ద్వీపము. "పాశ్చాత్యభావము" అని మనము పిలుచు వృక్షమునకు వేళ్ళలో అనేకములు నేటి పడమటి దేశముల నేలలో లేనే లేవు. అంతేకాదు, అరిస్టాటిలు గ్రంథములలో పెక్కు పశ్చిమ ఐరోపాకు దూరమై, బాగ్దాదునందలి అనువాదకులచేతను, స్పెయిన్ దేశపు ఇబ్న్ రుష్ద్ వంటి వ్యాఖ్యాతలచేతను నడచి, తిరిగి లాటినులోనికి వచ్చి 13వ శతాబ్దిలో థామస్ అక్వినాసునకు చేరినవి. పుంగనూరి పాదిరులు తమ బడులలో నేర్చినది ఈ అక్వినాసు తర్కమే. కాబట్టి మన తెలుగునేల కాలుపెట్టిన ఆ సన్యాసుల మూటలో జెరూసలేము, ఏథెన్సు, రోము, అలెగ్జాండ్రియా, బాగ్దాదు, అన్నియు నుండెను. మూట మోసినవారికి మాత్రము అది యొకే వస్త్రముగా దోచెను.

మతము గ్రీకును బాగుచేసెనా, చెఱచెనా యను ప్రశ్నకు గూడ ఒకే జవాబు లేదు. 415లో అలెగ్జాండ్రియాలో హైపేషియా యను విదుషిని క్రైస్తవుల గుంపు చంపినది. 529లో జస్టీనియన్ చక్రవర్తి యేలుబడిలో ఏథెన్సు నందలి తత్త్వపాఠశాల మూతబడినది. ఇవి దాచగూడని సంగతులు. అయినను ఆ జస్టీనియనే రోమను న్యాయమునంతయు గ్రుచ్చి యెత్తి భావితరముల కందిచ్చెను. లాటిన్ గ్రంథములను పశ్చిమమున నిలిపిన లేఖకులలో మఠవాసులే మిక్కిలి. కాల్చినచేతికిని కాపాడినచేతికిని ఒకే మతము పేరుండుట చరిత్రలో వింతగాదు. మన దేశమునను వింతగాదు.

ఇక తిరిగి పుంగనూరు వత్తము. అలెగ్జాండ్రియాలో క్రైస్తవము గ్రీకు మాటలు తొడుగుకొన్నట్లే, తెలుగునేల నిది సంస్కృతపు మాటలు తొడుగుకొన్నది. తెలుగు కథోలికులు దేవుని సర్వేశ్వరుడందురు. దీక్షాస్నానమును జ్ఞానస్నాన మందురు. పూజాప్రసాదమును సత్ప్రసాద మందురు. తమ పాదిరిని గురువందురు. 19వ శతాబ్దిలో మదనపల్లెకు వచ్చిన అమెరికను ప్రొటెస్టెంటు మిషనరీలు వేఱుదారి పట్టిరి. వారి తెలుగులో జ్ఞానస్నానము లేదు, బాప్తిస్మము కలదు. ఈ బాప్తిస్మము గ్రీకు మాటయే. ఒకే సీమలో నొక యింట స్నానము సంస్కృతములోను, ప్రక్కయింట గ్రీకులోను జరుగుచున్నదన్నమాట! ఏది స్వదేశీయము, ఏది విదేశీయము?

తెలుగు బైబిలులో లోగోసునకు "వాక్యము" అని వేసిరి. ఇది మా కంత రుచింపదు. వాక్యమన్నపుడు పలికిన మాట స్ఫురించునుగాని, విశ్వమును నడపు హేతువు స్ఫురింపదు. భర్తృహరి యెఱిగిన శబ్దబ్రహ్మమను మాట గ్రీకుల భావమునకు మిక్కిలి దగ్గఱ. కాని శబ్దబ్రహ్మమన్నచో వైయాకరణుల సిద్ధాంతమంతయు వెంటవచ్చును గదా యని అనువాదకులు భయపడి యుండవచ్చును. ఆ భయ మర్థవంతమే. లోగోసును గ్రహించిన నాడు యోహానుకును గ్రీకుల సిద్ధాంత మంతయు వెంటబడినది. అయినను ఆయన భయపడలేదు; అందువలననే యాతని మతము గ్రీకుల హృదయమును బట్టినది. మాటను తీసికొనువాడు ఆ మాట వెనుకనున్న ప్రశ్నలను గూడ తీసికొనవలయును.

ఇచ్చటనే పుంగనూరి పాదిరులయెడ మా ప్రధానాక్షేపణము. అలెగ్జాండ్రియాలో గ్రీకు మాటలు మతములోనికి వచ్చినపుడు, గ్రీకులును వానితోగూడ లోపలికి వచ్చిరి. తాత్త్వికులే బిషప్పులైరి, వాదించిరి, సభలలో మతమునే మార్చిరి. ఇచ్చట మన మాటలు లోపలికి బోయినవి. మనవారి వాదము వాకిటనే నిలిచినది. పారిసున అచ్చుపడిన యుత్తరములన్నియు ఫ్రెంచివారి లేఖలే. తెలుగు శిష్యుడు వానిలో కథాపాత్రముగా గనబడును, వ్రాతగాడుగా గనబడడు. ఇందులకు తెలుగు కవిత్వమున నొక మంచి యపవాదము కలదు. 18వ శతాబ్దిలో మంగళగిరి ఆనందకవి క్రీస్తుకథను ప్రబంధముగా జేసి, దానికి "వేదాంతరసాయనము" అని పేరు పెట్టెను. ఆ పేరులోనే ధైర్యము కనబడుచున్నది. మాటను అరువు దెచ్చుకొన్న పరదేశి కాక, మాట సొంతమైనవాడే మతమును చెప్పినచో నెట్లుండునో యా గ్రంథము చూపినది. అట్టివి పది పుట్టియుండిన మన సీమయు నొక చిన్న అలెగ్జాండ్రియా యయ్యెడిది.

బూషేగారికి ప్రతిగా మేము కూర్దూగారిని నిలుపుచున్నాము. గాస్తోఁ లోరాఁ కూర్దూ 1732లో మన దేశమునకు వచ్చి, 1779లో ఇచ్చటనే మరణించిన జెసూట్. తెలుగు బాగుగా నేర్చి తెలుగు, ఫ్రెంచి, సంస్కృత నిఘంటువు కూర్చిన పండితుడు. ఈయన 1767లో పారిస్ విద్వత్పరిషత్తునందలి బార్తెలెమీగారికి ఒక లేఖ వ్రాసెను. సంస్కృతమునకు గ్రీకు లాటిన్ భాషలతో ఇన్ని మాటలు ఉమ్మడిగా నుండుటకు హేతువేమి యని అందలి ప్రశ్న. బూషేవలె ఈయన రెండు పేళ్ళ ధ్వని చూచి తృప్తి పడలేదు. దాన మనుదానికి లాటినున దోనుం, అగ్నికి ఇగ్నిస్, విధవకు విదువా యని పదములు పేర్చెను; అంతటితో నాగక, "అస్మి, అసి, అస్తి" యను క్రియారూపములను గ్రీకు లాటిన్ రూపములతో ప్రక్కప్రక్కను బెట్టెను; సంఖ్యావాచకములను బెట్టెను. వర్తకమువలనను, సాంగత్యమువలనను వస్తువుల పేళ్ళు చేతులు మారవచ్చును గాని, "నేనున్నాను, నీవున్నావు" అను రూపములు బజారున గొని తెచ్చుకొనునవి కావు. కావున నీ భాషలు తోబుట్టువులు కావలయును. ఇది కూర్దూగారి తర్కము. ఇది గట్టి తర్కము.

ఈ తోబుట్టువులకు మూలము నోవహు కుమారుడగు యాపెతు సంతతి యని యాయన ముగించెను. అనగా బైబిలు చట్రము విడువలేదు. అయినను చట్రము పాతదైనంత మాత్రమున చిత్రము చెడలేదు. 1786లో కలకత్తాలో సర్ విలియం జోన్సు ఈ విషయమునే చెప్పి లోకప్రసిద్ధుడయ్యెను. కూర్దూగారి లేఖ మాత్రము 1808 వఱకు అచ్చు కాలేదు. ఆయన మన ఆచారములపై వ్రాసిన గ్రంథముగూడ, పేరులేక, అబ్బె దుబ్వా పేర లోకమున చెలామణి యయ్యెనని సిల్వియా మ్యూర్ అను ఫ్రెంచి విదుషి 1987లో నిరూపించినది. కీర్తి తప్పినను పని నిలిచినది.

ఈ లేఖవలన పడమటివారి యాత్మకథ మారవలసి వచ్చినది. తాము జెరూసలేమునకును ఏథెన్సునకును మాత్రమే బిడ్డల మనుకొన్నవారికి, తమ నోటి మాటలకు చుట్టము గంగాతీరమున గలదని తెలిసినది. మనకును అట్లే గర్వభంగ మొకటి కాచుకొని యుండెను. తెలుగు సంస్కృతజన్య మని చెప్పుకొని మురియుచుండిన మనకు, 1816లో ఫ్రాన్సిస్ వైట్ ఎల్లిస్, తెలుగు, తమిళము, కన్నడము వేఱొక కుటుంబమని ధాతువులతో చూపెను. నేడు కుప్పములో ద్రావిడ విశ్వవిద్యాలయ మున్న దన్నచో నా కుటుంబము పేరిటనే. సంస్కృతమునకు గ్రీకు చెల్లెలు, తెలుగునకు గాదు! రక్తబంధము నమ్మి గర్వించువారికి భాషాశాస్త్రము నేర్పిన పాఠమిది. అయినను రక్తబంధము లేని సంస్కృతముతో తెలుగు వేయేండ్లు కాపురము చేసి ఎంత పండించినదో మన మెఱుగుదుము. పుట్టుక వేఱు, పెంపకము వేఱు. భావములకును ఇదియే సూత్రము.

ఇక నొక హాస్యకథ. 1760లో వోల్టేరునకు "ఎజూర్వేదము" అను ఫ్రెంచి వ్రాతప్రతి యొకటి మన దేశమునుండి తిరిగివచ్చిన మోదావ్ ప్రభువు ద్వారా చేరినది. ఏకేశ్వరవాదమును బోధించుచు, విగ్రహారాధనను ఖండించుచు నున్న యీ గ్రంథము అతిప్రాచీన హిందూగ్రంథ మని వోల్టేరు నమ్మెను. దానిని 1761లో రాజగ్రంథాలయమున కిచ్చెను. క్రైస్తవమునకంటె ముందే శుద్ధమైన దైవజ్ఞానము లోకమున నుండెనని చాటుటకు దానిని వాడెను. అది 1778లో అచ్చయినది. నాలుగేండ్లకే సొన్నెరా యను ప్రయాణికుడు ఇది మిషనరీల రచన యని చెప్పెను; ఎల్లిస్ వ్యాసము 1822లో వెలువడి, పుదుచ్చేరిలో దొరికిన ప్రతుల సాక్ష్యముతో దానిని స్థిరపఱచెను. అది జెసూట్ల కృతియే. ఏ జెసూట్ అనునది నేటికిని వాదములోనే యున్నది. హిందువులను క్రైస్తవమునకు ద్రిప్పుటకై వ్రాసిన గ్రంథము, క్రైస్తవమునే ఎదిరించువాని చేతిలో నాయుధమయ్యెను. ఒకరు నటించిరి, ఒకరు మోసపోయిరి. ఇద్దఱిలో నెవ్వరును వేదము చదువలేదు. నిజమైన వేదప్రతులను 1730-40 నడుమ సంపాదించి పారిస్ రాజగ్రంథాలయమునకు బంపిన కాల్మెత్ గారు గూడ ఈ కర్ణాటక మిషనువారే. కాని వానిని చదువగలవారు లేక అవి చిరకాలము బీరువాలో నిదురించినవి. అబద్ధపు వేదము రాజధాని నేలినది. నిజమైన వేదము అటుకమీద నుండినది. తమకు గావలసిన మాట తూర్పునుండి వచ్చినచో పరీక్షింపకయే కొనుట పాశ్చాత్యుల కొక వ్యసనము; మన మాటను పాశ్చాత్యుడు మెచ్చినచో పరీక్షింపకయే పొంగుట మన వ్యసనము.

మదనపల్లెలో నున్న దివ్యజ్ఞాన కళాశాలను గూర్చి ఇచ్చట నొకమాట. అనీ బిసెంటమ్మగారు 1915లో స్థాపించిన యీ విద్యాలయము, 1919లో రవీంద్రనాథ ఠాగూరుగారు వచ్చి జనగణమన గీతమునకు ఆంగ్లానువాదము చేసిన స్థలముగా ప్రసిద్ధము. దివ్యజ్ఞానమన్న మాట "థియోసఫీ" యను గ్రీకుపదమునకు తెలుగు. ఆ సమాజ స్థాపకురాలగు బ్లావాట్‌స్కీ తన మార్గమునకు పూర్వికుడుగా అలెగ్జాండ్రియా వాడగు అమ్మోనియస్ సక్కాసును జెప్పినది. ఆ అమ్మోనియసు శిష్యుడే ప్లోటినస్. ప్లోటినస్ పారసీకుల యొక్కయు, భారతీయుల యొక్కయు తత్త్వము నేర్చుకొనగోరి 243లో గోర్డియన్ చక్రవర్తి సైన్యము వెంట తూర్పునకు బయలుదేరె ననియు, ఆ దండయాత్ర చెడి వెనుకకు మఱలె ననియు ఆయన శిష్యుడు పోర్ఫిరీ వ్రాసియున్నాడు. ఆయన మనయొద్దకు రాలేకపోయెను. ఆయన గ్రంథములు అగస్టీను ద్వారా పాదిరుల మూటలోను, అమ్మోనియసు పేరు బ్లావాట్‌స్కీ ద్వారా మదనపల్లె బడిలోను మనయొద్దకు వచ్చినవి. పుంగనూరునకును మదనపల్లెకును నడుమ దూరము కొన్ని క్రోసులే. ఆ రెండు దారులు బయలుదేరిన యూరు ఒక్కటే.

ఇప్పుడు మన గృహములకు వత్తము. కూర్దూగారు పేర్చిన మాటలలో విధవాశబ్ద మొకటి యుండెనని చెప్పితిమి. ఆ మాటయే మన విచారమునకు గీటురాయి. వితంతువివాహము పడమటి క్రైస్తవుల యాచార మనియు, మనవారు దానిని ఎరువు తెచ్చుకొని రనియు నింకను చెప్పువారు కలరు. పడమటి చరిత్ర యేమి చెప్పుచున్నది? క్రీ.పూ. 18లోను క్రీ.శ. 9లోను ఆగస్టస్ చక్రవర్తి చేసిన శాసనములు, వయసునందున్న వితంతువులు నియమిత కాలములో మరల వివాహమాడవలెనని యొత్తిడి పెట్టినవి. ఆడనిచో వారసత్వపు హక్కులకు భంగము కల్పించినవి. ఇది రోమను రాజ్యము జనసంఖ్యకై చేసిన శాసనము. క్రైస్తవులలో పౌలు ఒక లేఖలో వితంతువు ఉన్నట్లుండుటయే మేలనెను. ఆయన పేర నున్న మఱియొక లేఖలో యౌవనవతులు వివాహమాడుట మంచిదని యున్నది. టెర్టులియన్ రెండవ వివాహమును నిందించెను. జెరోము వైధవ్యమును మిక్కిలి కొనియాడెను. మొదటి క్రైస్తవచక్రవర్తి యగు కాన్‌స్టంటైన్ 320లో ఆగస్టస్ విధించిన దండనలను ఎత్తివేసెను. చూచితిరా? వితంతువును వివాహమునకు దోసినది "అన్యమత" రోము; వైధవ్యమును వ్రతముగా మెచ్చినది ఆనాటి క్రైస్తవమఠము. అయితే అదే క్రైస్తవసంఘము దిక్కులేని వితంతువులకు అన్నముపెట్టు ధర్మమును గట్టిగా నిలిపినది. పడమర యేమి చెప్పిన దని యడిగినచో, ఏ పడమర యని తిరిగి యడుగవలసియుండును.

వీరేశలింగం పంతులుగారు 1881 డిసెంబరు 11వ తేదీన రాజమహేంద్రవరమున మొదటి వితంతువివాహము జరిపించినపుడు, ఆయన చేత పరాశరస్మృతి యుండెను. ఈశ్వరచంద్ర విద్యాసాగరుని మార్గ ముండెను. ఆంగ్లవిద్యవలన గలిగిన హేతుబుద్ధియు నుండెను. ఈ మూటిలో నేది లేకున్నను ఆ పెండ్లి నడచెడిది కాదేమో. అయినను వీనిలో నేదియు ఆ పెండ్లికి ముఖ్యకారణము కాదు. ఎదుటనున్న బాలికయొక్క దుఃఖము ముఖ్యకారణము. దుఃఖమునకు తూర్పు పడమరలు లేవు.

పాదిరుల పక్షమున నొక దోషమును గూడ చెప్పక విడువరాదు. ఏలయన పడమటి భావముయొక్క బలహీనతయు అందున్నది. యూదుడు గ్రీకు, దాసుడు స్వతంత్రుడు అను భేదము క్రీస్తునందు లేదని పౌలు బోధించెను. కాని దాస్యమును రోమురాజ్యము మానలేదు, క్రైస్తవరోము గూడ మానలేదు. కొందఱు పుట్టుకచేతనే దాసులని అరిస్టాటిలు చెప్పిన మాటను, 1550లో స్పెయిన్ దేశమున సెపూల్వెదా అను పండితుడు అమెరికా యాదిమవాసులపై ప్రయోగింపగా, లాస్ కాసాస్ అను పాదిరి యెదిరించి వాదించెను. మన సీమలోని పాదిరులు కులభేదము నెదుట లాస్ కాసాసు వలె నిలువలేదు. అగ్రకులములవారు దూరమగుదురని తలంచి, మాలమాదిగలను వేఱుగా జూచిరి. 1703లో పుదుచ్చేరికి వచ్చిన పోపు ప్రతినిధి తూర్నోఁ, 1704లో రోగియైన పంచముని యింటికి పాదిరి పోయి తీరవలెనని యాజ్ఞాపించెను. నలువదియేండ్లు వాదము సాగెను. 1744లో పోపు తీర్పు వచ్చినపుడు, పంచములకు వేఱుగా పాదిరులను నియమింతుమని జెసూట్లు ఒడంబడిక చేసికొనిరి. మతము ఒక్కటే, గురువులు ఇద్దఱు! సన్యాసి వేషమున వచ్చినవారు మన వేషమునే కాక మన వ్యాధిని గూడ ధరించిరి. మంచి మాట నెత్తిమీద బెట్టుకొని, చెడ్డ రాజీ చంకన బెట్టుకొని నడచుట ఏ యొక్క నాగరికతకును సొంతము కాదు. ఈ తప్పులో వారికి గురువులము మనమే యని యొప్పుకొనుట మనకు మర్యాద.

పై విచారమువలన తేలిన దేమనగా, పాశ్చాత్యభావము ఒక తల్లి బిడ్డ కాదు, ఇద్దఱు తల్లుల బిడ్డయు గాదు. అది పెక్కు దేశముల నీరు కలిసిన చెఱువు. క్రైస్తవము దానికొక కట్ట. కట్టవలన నీరు నిలిచినది, కొన్నిచోట్ల పారకను ఆగినది. గ్రీకుల ప్రశ్న దానికొక తూము. రోమను న్యాయ మొక కాలువ. ఆ చెఱువునుండి మనకు వచ్చిన నీటిని, పడమటిదని పాఱబోయుటయు, పడమటిదని తీర్థముగా బుచ్చుకొనుటయు రెండును బుద్ధిహీనములు. నీటిని వడకట్టి త్రాగుట గృహిణులకు మేము నేర్పనక్కఱలేదు.

వడకట్టుటకు మేము మూడు ప్రశ్నలు చెప్పుచున్నాము. ఒక భావము మన యెదుటికి వచ్చినపుడు, ఇది పేళ్ళ పోలికమీద నిలిచినదా, లేక కూర్దూగారి క్రియారూపములవలె లోని కట్టడమునందు నిలిచినదా? దీనివలన మేలు పొందువారు మాటలాడుటకు మన మవకాశ మిచ్చితిమా, లేక పారిసు సంపుటములలోని తెలుగు శిష్యులవలె వారిని కథాపాత్రములుగా జేసితిమా? ఈ భావమును నమ్మునపుడు, దాని రాజీలను గూడ కన్నులు మూసి నమ్ముచున్నామా? ఈ ప్రశ్నలను పడమటి మాటలను మాత్రమే కాక, మన శాస్త్రములను, మన సంస్కర్తలను, ఈ వ్యాసమును గూడ అడుగవలయును.

పుంగనూరి వీథులలో ఆ పాదిరులు నడచిన గుర్తులు నేడెవరును వెదకరు. అయినను జ్ఞానస్నాన మను మాట మిగిలినది, బాప్తిస్మ మను మాట మిగిలినది, పారిసున నొక లేఖ మిగిలినది. మనుష్యుల వాదములు చల్లారిన పిదప మిగులునవి మాటలే. వానిని తెచ్చిన దెవ్వరని తగవులాడుటకంటె, వానితో మన మిప్పుడేమి చెప్పుకొనుచున్నామో చూచుకొనుట మేలు.